పటేల్ షాటు, సంఘం షాటు

ఒక ఆడపిల్ల రోజువారీ బతుకును ప్రశ్నలడగకుండా, అడ్డం రాకుండా, పక్కన నిలబడి తీసే డాక్యుమెంటరీని పరిశీలనాత్మక చిత్రం అంటున్నారు. వ్యాఖ్యానం ఉండదు కాబట్టి ఉన్నదున్నట్టు చూపిస్తుందని పేరు. మేం దీన్ని ఒప్పుకోం. కెమెరా ఎవరి చేతిలో ఉంది, ఎంత ఎత్తున ఉంది అన్నదే వ్యాఖ్యానం. 2007లో నిష్ఠా జైన్ బొంబాయిలో తన ఇంట్లో పనిచేసే లక్ష్మి మీద ‘లక్ష్మీ అండ్ మీ’ తీసింది. అక్కడ చిత్రం తీసింది జీతమిచ్చే మనిషే.

ఈ సంగతిని సినిమా చదువులు చదివినోళ్లకన్నా తేటగా చెప్పింది జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లోని దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల ఆడవాళ్లు. ఎక్కువమంది దళితులు, బడి మొహం చూడనోళ్లు. వీడియో నేర్చుకున్నప్పుడు షాట్లకు తమ పేర్లు తామే పెట్టుకున్నారు. పైనుంచి కిందికి చూస్తే పటేల్ షాటు. గద్దె మీది పటేలు మనల్ని అట్లనే చూస్తడు గదా! కిందినుంచి పైకి చూస్తే బానిస షాటు. కంటికి కన్ను సమానంగా ఉంటే సంఘం షాటు. దేశంలో బిటి పత్తికి అనుమతి వచ్చింది 2002లో. ఆ తొలి పంట కాలంలో వీళ్లు వరంగల్ చిన్న రైతుల మధ్య తిరిగి, వాళ్లు బిటి పత్తి మీద ఎందుకు కోపంగా ఉన్నారో చిత్రం తీశారు.

విలువైన పని. అయితే దాని పేరులో ఉన్నది రైతులు. పత్తి ఏరే పిల్ల చిత్రం వేరే రావాలె. పొద్దు పొడవకముందే నీళ్లు, వంట, సద్ది గిన్నె; ఆటోలో ఇరుక్కుని పోవుడు; నడుముకు ఒడి కట్టుకుని సాలు వెంట సాలు వంగుడు. ఎండిన కాయ మొనలు గోళ్ల సందున గుచ్చుకుంటయి. సెలవుల్లో కైకిలికొచ్చే డిగ్రీ పిల్లలూ ఇందులో ఉంటారు. కూలి కిలో లెక్కన. సాయంత్రం కాంటా దగ్గర రైతుకూ ఆమెకూ మాట తేడా వస్తుంది. ఆ రైతూ అప్పులోనే ఉండొచ్చు, వాడ మనిషే కావొచ్చు.

కెమెరా అప్పుడు రైతు పక్కన నిలబడితే కాంటా ముల్లు కనిపిస్తది. ఆమె పక్కన నిలబడితే, ముల్లును చూడనీయకుండా అడ్డం నిలబడ్డ వీపు కనిపిస్తది. తీసిన బొమ్మను ముందు ఆమెకే చూపించాలె. వద్దంటే తీసేయాలె.