డ్రాప్‌జోన్ జావాస్క్రిప్టు లైబ్రరీ

డ్రాప్‌జోన్ అనునది వెబ్ పేజీల ద్వారా దస్త్రాలను సర్వరుకు ఎక్కించడానికి ఉపయోగపడే ఒక జావాస్క్రిప్టు లైబ్రరీ. దీనిని మతియాస్ మెనో 2012లో రూపొందించాడు. ఇది ఎం.ఐ.టి. లైసెన్సు క్రింద లభించే స్వేచ్ఛా సాఫ్టువేరు కనుక ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చును, మార్చుకోవచ్చును. వాడుకరి తన కంప్యూటరులోని దస్త్రాన్ని మౌసుతో లాగి పేజీలోని గడిలో వదలితే అది సర్వరుకు బయలుదేరుతుంది. బొమ్మ అయితే దాని చిన్న ప్రతిరూపం, ఎంత భాగం చేరినదో తెలిపే గీత కూడా కనిపిస్తాయి.

నేపథ్యం

ఫారము ద్వారా దస్త్రాలను పంపే పద్ధతిని 1995 నవంబరులో వెలువడిన ఆర్.ఎఫ్.సి. 1867 ప్రతిపాదించింది. ఆ పద్ధతిలో ఫారమును సమర్పించగానే పేజీ మొత్తం మారిపోయేది. తరువాతి కాలంలో, పేజీ మారకుండానే జావాస్క్రిప్టు ద్వారా దస్త్రాన్ని పంపే సౌకర్యం బ్రౌజర్లలో ఏర్పడింది. డ్రాప్‌జోన్ ఈ సౌకర్యంపై ఆధారపడి పనిచేస్తుంది. దీనికి జేక్వెరీ వంటి వేరొక లైబ్రరీ అవసరం లేదు.

జోడించే విధానం

5వ తరం కూర్పును ప్రాజెక్టులో చేర్చే క్రమం ఇది:

1. లైబ్రరీకి చెందిన జావాస్క్రిప్టు దస్త్రాన్ని, సి.ఎస్.ఎస్. దస్త్రాన్ని ప్రాజెక్టులో ఉంచి పేజీకి జతచేయాలి. వీటిని ఎన్.పి.ఎం. ద్వారా కూడా తెచ్చుకోవచ్చును.
2. పేజీలో ఒక ఫారము వ్రాసి, దస్త్రం చేరవలసిన సర్వరు చిరునామాను దాని యాక్షన్ విలువగా ఇవ్వాలి.
3. ఆ ఫారముకు లైబ్రరీ పేరునే, అనగా డ్రాప్‌జోన్ అని, ఆంగ్ల చిన్న అక్షరాలలో క్లాసుగా పెట్టాలి. పేజీ తెరచుకోగానే లైబ్రరీ ఆ ఫారమును తనంతట తానే గుర్తిస్తుంది.
4. అనుమతించే దస్త్రాల రకం, గరిష్ఠ పరిమాణం, సంఖ్య మొదలైనవాటిని అమరికలలో తెలపాలి.
5. దస్త్రాన్ని అందుకొని భద్రపరచే ప్రోగ్రామును సర్వరులో వ్రాయాలి. ఈ పనిని లైబ్రరీ చేయదు.

పరిమాణంతో వచ్చే చిక్కు

లైబ్రరీలో పెట్టిన పరిమితి వేరు, సర్వరు పరిమితి వేరు. పి.హెచ్.పి. సహజ అమరికలో ఒక దస్త్రానికి పరిమితి 2 మెగాబైట్లు మాత్రమే. ఒక విద్యార్థి 5 మెగాబైట్ల ధ్రువపత్రాన్ని పంపినాడనుకొందాం. పి.హెచ్.పి. దానిని స్వీకరించక, లోపపు సంకేతాన్ని ప్రోగ్రాముకు అందజేస్తుంది. ప్రోగ్రాము ఆ సంకేతాన్ని పరిశీలించకపోతే, పని సక్రమంగా జరిగినదని తెలిపే 200 సంఖ్యతోనే జవాబు వెళుతుంది. డ్రాప్‌జోన్ దానిని నమ్మి టిక్కు గుర్తు చూపుతుంది. విద్యార్థి దరఖాస్తు పూర్తయినదని నిశ్చింతగా ఉంటాడు. దస్త్రం మాత్రం సర్వరులో ఉండదు. కనుక లోపం కలిగినపుడు ప్రోగ్రాము 400 శ్రేణిలోని సంఖ్యను పంపాలి. అప్పుడే వాడుకరికి తప్పు గుర్తు కనిపిస్తుంది.

భద్రత

బ్రౌజరులో జరిగే తనిఖీ వాడుకరి సౌకర్యం కొరకే. లైబ్రరీతో పనిలేకుండా నేరుగా సర్వరుకే దస్త్రాన్ని పంపడం సాధ్యమే కాబట్టి రకాన్ని, పరిమాణాన్ని సర్వరులో మళ్ళీ పరీక్షించాలి. పంపినవారు ఇచ్చిన పేరును అలాగే ఉంచక కొత్త పేరు పెట్టాలి. బొమ్మ పేరుతో ఎవరైనా ప్రోగ్రామును ఎక్కించినా అది నడవకుండా, దస్త్రాలను వెబ్ చిరునామాకు అందని ఫోల్డరులో భద్రపరచడం మేలు.