చర్చి, సర్కారు, మధ్యలో కుల సర్టిఫికెట్

మతం వేరు, రాజ్యం వేరు అని సాంఘిక శాస్త్రంలో మనమంతా చదువుకున్నవాళ్ళమే. లౌకిక రాజ్యం అంటే ఏమిటని అడిగితే రెండు వాక్యాలు రాసి రెండు మార్కులు తెచ్చుకున్నాం. పి.జి.లో చేరి రాజనీతి శాస్త్రం పుస్తకాలు తిరగేశాక మాకు అర్థమైన సంగతి వేరు. చర్చినీ ప్రభుత్వాన్నీ పూర్తిగా విడదీసిన దేశం వెతికినా దొరకడం కష్టం. ఎక్కడో ఒకచోట ముడి మిగిలే ఉంటుంది.

ఇంగ్లాండులో ఆ ముడిని దాచే ప్రయత్నం కూడా చేయలేదు. అక్కడి చర్చికి రాజే అధిపతి. పార్లమెంటు ఎగువ సభలో 26 మంది బిషప్పులు కూర్చుంటారు. జర్మనీలో చర్చి సభ్యుల దగ్గర ఆదాయపు పన్నుతో పాటు, ఆ పన్నులో 8 లేదా 9 శాతం చర్చి పన్నును ప్రభుత్వమే వసూలు చేసి చర్చికి ఇస్తుంది. వద్దనుకున్నవాళ్ళు ప్రభుత్వ కార్యాలయానికి వెళ్ళి, చర్చి నుంచి తప్పుకుంటున్నామని నమోదు చేయించుకోవాలి.

ఫ్రాన్సు కథ ఇంకా చిత్రం. 1905లో చట్టం చేసి, ఏ మతాన్నీ గుర్తించం, ఎవరికీ జీతం ఇవ్వం అన్నారు. కానీ అంతకు ముందు కట్టిన పెద్ద చర్చిలు ప్రభుత్వ ఆస్తిగానే మిగిలాయి. 2019లో కాలిపోయిన పారిస్ నోటర్‌డామ్ చర్చి కూడా ప్రభుత్వానిదే. దాని మరమ్మతు బాధ్యత ప్రభుత్వమే తీసుకుంది. ఆల్సేస్ ప్రాంతం 1905లో జర్మనీ చేతిలో ఉండటం వల్ల ఆ చట్టం అక్కడికి రాలేదు. అక్కడి ఫాదర్లకు నేటికీ ప్రభుత్వమే జీతం ఇస్తున్నది!

ఇక మన దేశం. బ్రిటిష్ కాలంలో ఇంగ్లాండు చర్చి ఫాదర్లలో చాలామందికి సర్కారు ఖజానా నుంచే జీతం అందేది. 1927 చట్టంతో ఆ చర్చికి ఇంగ్లాండు చర్చితో ఉన్న చట్టబద్ధమైన బంధం తెగింది. అయితే మన పల్లెలకు వచ్చిన మిషనరీలు ఎక్కువమంది ఆ జీతగాళ్ళు కారు. ఒంగోలులో పనిచేసిన క్లౌ దొర అమెరికన్ బాప్టిస్టు. ధాత కరువులో బకింగ్‌హాం కాలువ తవ్వకంలో కొంత భాగాన్ని ఆయన ప్రభుత్వం దగ్గర కాంట్రాక్టు తీసుకుని, ఆకలితో ఉన్న పల్లె జనానికి కూలి ఇప్పించాడు. కూటి కోసం మతంలోకి వచ్చారనే మాట రాకూడదని కరువు రోజుల్లో బాప్తిస్మాలు ఆపేశాడు. తరువాత 1878 జూలై 3న గుండ్లకమ్మలో ఒక్కరోజే 2,222 మందికి బాప్తిస్మం జరిగింది. మనలో చాలామంది ముత్తాతల కథ అక్కడో, అలాంటి మరో ఏటి ఒడ్డునో మొదలైంది.

స్వాతంత్ర్యం వచ్చాక రాజ్యాంగం 25వ అధికరణం నచ్చిన మతాన్ని అనుసరించే హక్కునిచ్చింది. ఏ మతం పెంపుదల కోసమూ పన్ను కట్టమని ఎవరినీ బలవంతపెట్టరాదని 27వ అధికరణం చెబుతుంది. ఇంతవరకు బాగానే ఉంది. కానీ 1950లో వచ్చిన రాష్ట్రపతి ఉత్తర్వు మూడో పేరా హిందువు కానివారు షెడ్యూల్డు కులం కిందికి రారన్నది. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవులు, ముస్లింలు బయటే ఉండిపోయారు. షెడ్యూల్డు తెగలకు ఈ షరతు లేదు. చర్చికి వెళ్ళే కోయ పిల్లవాడు ఎస్టీగానే ఉంటాడు.

మన దేశంలో ముడి ఇక్కడ పడింది. జర్మనీలో అది పన్ను రసీదులో ఉంటే, మనకు కుల సర్టిఫికెట్‌లో ఉంది.

దీని ఫలితం మన హాస్టల్లోనే చూడవచ్చు. 1977లో రాష్ట్ర ప్రభుత్వం జి.ఓ. 341 ద్వారా, క్రైస్తవంలోకి మారిన ఎస్సీలకు కూడా స్కాలర్‌షిప్పు వంటి సౌకర్యాలు ఇచ్చింది. కనుక ఇద్దరూ ఒకే మెస్సులో తిని, ఒకే గదిలో చదువుకుంటారు. ఉద్యోగ ప్రకటన పడ్డ రోజు ఒకరు ఎస్సీ, మరొకరు ఒక్క శాతం రిజర్వేషను ఉన్న బీసీ-సి. అట్రాసిటీ చట్టం కూడా రెండోవారికి వర్తించదు. ఊళ్ళో తిట్టేవాడు మాత్రం ఏ చర్చికి పోతావని అడిగి తిట్టడు.

గుంటూరు మెడికల్ కాలేజీ కేసు అందరం తెలుసుకోవాలి. క్రైస్తవంలోకి మారిన ఎస్సీ తల్లిదండ్రుల బిడ్డ ఒకరు తిరిగి హిందువై, ఎస్సీ సీటు కోరాడు. కులంవారు తమవాడిగా ఒప్పుకుంటే అతను ఆ కులస్తుడే కాగలడని 1976లో సుప్రీంకోర్టు చెప్పింది. అదే కోర్టు 2024 నవంబరులో, నిజమైన విశ్వాసం లేకుండా రిజర్వేషను కోసమే మతం చెప్పుకోవడం రాజ్యాంగాన్ని మోసగించడమే అన్నది. మనసులోని విశ్వాసాన్ని ఏ అధికారి ఎలా కొలుస్తాడో మాకైతే అర్థం కాదు. రికార్డులో ఒక మతం, ఆదివారం ఒక మతంగా బతకవలసి రావడానికి ఆ మూడో పేరాయే కారణం కదా!

క్రైస్తవంలో కులం లేదు గనుక ఇవ్వనక్కరలేదని ఒక వాదన. మరి ఒకే ఊళ్ళో మాలపల్లెకొక చర్చి, మాదిగపల్లెకొక చర్చి ఎందుకున్నాయి? ఉన్న సీట్లే పంచుకోవలసి వస్తుందని మనలోనే కొందరికి భయం. అది కొట్టిపారేయదగ్గ భయం కాదు. చేర్చేటప్పుడు వాటా కూడా పెంచాలన్నది మా అభిప్రాయం. 2007లో రంగనాథ్ మిశ్రా కమిషన్ మూడో పేరా తీసేయమని సిఫారసు చేసినా అది అమలు కాలేదు. 2022లో ఇదే విషయం పరిశీలించేందుకు కేంద్రం కె.జి. బాలకృష్ణన్ కమిషన్‌ను వేసింది.

పూర్వ విద్యార్థులైన అన్నలూ అక్కలూ! ఈ సర్టిఫికెట్ కోసం మీలో ఎవరెవరు ఏ ఆఫీసుల చుట్టూ తిరిగారో, ఏ కాగితాలు పనికివచ్చాయో వచ్చే సంచికకు రాసి పంపండి. ఇంటర్ తమ్ముళ్ళు, చెల్లెళ్ళు ఇప్పుడే అడుగుతున్నారు.