మీకు తెలుసా? పద్మనాభం కొండ కింద ఒక యుద్ధం

అనంతగిరి కొండల్లో పుట్టిన గోస్తనీ నది బొర్రా గుహలను దాటి, తాటిపూడి మీదుగా వచ్చి భీమిలి దగ్గర సముద్రంలో కలుస్తుంది. తగరపువలస నుంచి ఆ నది ఎగువకు వెళ్తే పద్మనాభం వస్తుంది. కొండ మీద అనంతపద్మనాభస్వామి, కింద కుంతీమాధవస్వామి, చుట్టూ పొలాలు. మామూలు పల్లెటూరే.

1794 జులై 10న విజయనగరం రాజా చినవిజయరామరాజు ఇక్కడే చనిపోయాడు. పేష్కష్ (కప్పం) బకాయిల దగ్గర మొదలైన తగాదా అది. నెలకు 1,200 రూపాయల భరణం ఇస్తాం, మచిలీపట్నం వెళ్లిపొమ్మంది ఈస్టిండియా కంపెనీ. ఆయన బయల్దేరినట్టే బయల్దేరి పద్మనాభంలో మకాం వేశాడు. అనుచరులు వేలల్లో వచ్చి చేరారు. కల్నల్ ప్రెండర్‌గాస్ట్ దండు వచ్చి మీద పడింది. గంట కూడా పట్టలేదు. రాజుతో పాటు ముఖ్యులెందరో నేలకొరిగారు. తర్వాత కొడుకు నారాయణబాబుకు జమీందారీ తిరిగిచ్చారు గానీ, బాగా కుదించి ఇచ్చారు. బొబ్బిలి యుద్ధానికి పాటలున్నాయి, సినిమా ఉంది. దీనికి మాత్రం అంత పేరు రాలేదెందుకో!

అన్నట్టు, అల్లూరి సీతారామరాజు 1897లో పుట్టిన పాండ్రంగి కూడా పద్మనాభం మండలంలోదే.