మొప్పల కోసం పుట్టి తాబేలు తొట్టెకు చేరిన మందు

అక్వేరియం దుకాణాల్లో వాటర్ కండిషనర్ పేరుతో అమ్మే చిన్న సీసాలో ముఖ్యంగా ఉండేది క్లోరిన్‌కు విరుగుడు. కుళాయి నీటిలో సూక్ష్మజీవులను చంపడానికి కలిపిన క్లోరిన్‌ను అది చూస్తుండగానే క్లోరైడ్‌గా మార్చేస్తుంది. క్లోరైడ్ అంటే మనం తినే ఉప్పులో ఉండేదే, ఆ కొద్ది మోతాదులో దానివల్ల ఏ ప్రాణికీ ముప్పు లేదు. సీసాల మీద పేర్లు ఎన్ని ఉన్నా, వాటిలో చాలావాటి లోపల పనిచేసేది సోడియం థయోసల్ఫేట్ అనే ఒకే ఒక చవక లవణం.

ఈ లవణం నీళ్ల తొట్టెలోకి రాకముందే వేరే వృత్తుల్లో పేరు తెచ్చుకుంది. కరగని వెండి లవణాలను ఇది కరిగించగలదని 1819లో జాన్ హెర్షెల్ గమనించారు. ఇరవై ఏళ్లకు, 1839లో ఫొటోగ్రఫీ లోకానికి పరిచయమైనప్పుడు ఆ గుణమే అక్కరకొచ్చింది. వెలుగు తగలని వెండి లవణాన్ని కడిగేసి బొమ్మను నిలిపేది ఇదే. డార్క్‌రూముల్లో దీని పేరు హైపో. డిజిటల్ కెమెరాలు వచ్చేదాకా తెలుగు ఊళ్ల స్టూడియోల్లోనూ హైపో ట్రే తప్పనిసరిగా ఉండేది. మరోపక్క బట్టల మిల్లులు, కాగితపు మిల్లులు సరుకును తెల్లబరిచాక అందులో మిగిలిపోయిన క్లోరిన్‌ను వదిలించడానికి దీన్నే వాడుకున్నాయి. అక్వేరియంలో ఇది చేసే పని నిజానికి మిల్లులో నేర్చినదే.

తాగునీటిలో క్లోరిన్ కలపడం మొదలయ్యాకే చేపల పెంపకందారులకు ఈ విరుగుడుతో అవసరం పడింది. ఇంగ్లండులోని మెయిడ్‌స్టోన్‌లో 1897లో టైఫాయిడ్ ప్రబలినప్పుడు నీటి గొట్టాలను బ్లీచింగ్ పౌడర్ ద్రావణంతో శుద్ధి చేశారు. 1905లో లింకన్ పట్టణంలో అలెగ్జాండర్ హ్యూస్టన్ ఆధ్వర్యంలో క్లోరిన్ మందు ఎడతెగకుండా నీటిలో కలిపారు. 1908లో అమెరికాలోని జెర్సీ సిటీలో డాక్టర్ జాన్ లీల్ పెద్ద ఎత్తున అదే పని చేశారు. ఆ తర్వాత ఒక్కో నగరమే అదే దారి పట్టింది. టైఫాయిడ్, కలరా తగ్గాయి. మనిషికి మేలు చేసిన ఆ నీరే చేప మొప్పలకు మంట పెట్టింది. లీటరులో 0.1 మిల్లీగ్రాము క్లోరిన్ కూడా చాలా చేపలకు ప్రమాదమే. హైపో పలుకు ఒకటి వేస్తే చేపలు బతుకుతాయని పెంపకందారులు తెలుసుకున్నారు. కొన్ని దశాబ్దాల పాటు అంతకుమించి ఏమీ కావలసి రాలేదు.

చిక్కు 1970లలో మొదలైంది. నీటిలోని సేంద్రియ పదార్థంతో క్లోరిన్ కలిసి ట్రైహాలోమీథేన్లు పుట్టిస్తోందని 1974లో రాటర్‌డామ్ రసాయన శాస్త్రవేత్త యోహానెస్ రూక్ చూపించారు. 1979లో అమెరికా ప్రభుత్వం వాటికి పరిమితి విధించింది. దాంతో అక్కడి పలు నగరాలు క్లోరిన్‌కు అమోనియా జతచేసి క్లోరమైన్ వాడకం పెంచాయి. క్లోరమైన్‌లోని క్లోరిన్‌ను థయోసల్ఫేట్ లాగేస్తుంది కానీ, జతలోని అమోనియా నీటిలోనే ఉండిపోతుంది. లీటరుకు 3 మిల్లీగ్రాముల క్లోరిన్‌కు సమానమైన క్లోరమైన్ విడిపోతే సుమారు 0.7 మిల్లీగ్రాముల అమోనియా బయటపడుతుంది. ఒక విషాన్ని తీసి ఇంకొకటి పెట్టినట్టయింది. 1987లో జాన్ కూన్స్ పేటెంటు పొందిన మిశ్రమం ఈ రెండో చిక్కునూ విప్పింది. అందులోని హైడ్రాక్సీమీథేన్ సల్ఫోనేట్ అమోనియాను కూడా పట్టి కట్టేస్తుంది. ఆమ్‌క్వెల్ పేరుతో మార్కెట్లోకి వచ్చింది అదే. క్లోరిన్, క్లోరమైన్, అమోనియా మూడింటినీ అదుపు చేస్తామని చెప్పే సీసాలన్నీ ఆ తరానివి.

వ్యాపారం పెరిగేకొద్దీ సీసాలో హంగులు చేరాయి. లోహాలను పట్టుకునే ఈడీటీఏ, చేప ఒంటిమీది జిగురు పొరకు రక్షణగా కలబంద రసం, పాలీవినైల్ పైరోలిడోన్ వంటివి కలిపారు. చేపకు ఆ జిగురు పొర కవచం లాంటిదే. తాబేలు డొప్ప మీద ఉండేవి కెరాటిన్ పలకలు, గోళ్లు ఏ పదార్థమో అదే. జిగురు పొర లేని ప్రాణికి దాన్ని కాపాడే మందు కొనడం డబ్బు దండగ. తాబేలు బొమ్మ ముద్రించి అమ్మే సీసాలు చాలావరకు చేపల మందుకు మరో లేబులే. లోపలున్న పదార్థాల జాబితా చదివితే చాలు, ఎంత కొత్తగా ఉందో తెలిసిపోతుంది.

అయితే తాబేలు తొట్టెకు కండిషనర్ అక్కరలేదా అంటే, అక్కర ఉంది. కారణం మాత్రం వేరు. తాబేలు ఊపిరితిత్తులతో గాలి పీలుస్తుంది కనుక క్లోరిన్ నీటిలో చేపలా గిలగిల్లాడదు. ఎక్కువ మోతాదులో అయితే కళ్లు మండుతాయి, వాస్తాయి. మెత్తని డొప్ప తాబేళ్లు గొంతు పొరల గుండా, చర్మం గుండా నీటిలోని ఆక్సిజన్ తీసుకుంటాయి. ఆస్ట్రేలియాలోని ఫిట్జ్‌రాయ్ నది తాబేలు మలద్వారపు సంచుల గుండా తీసుకుంటుంది. వీటి లెక్క వేరు. సాధారణంగా ఇళ్లలో పెంచే ఎర్రచెవి తాబేలు, అంటే మిసిసిపీ లోయ నుంచి వచ్చిన రెడ్ ఇయర్డ్ స్లైడర్ తొట్టెలో క్లోరిన్ తగిలి ముందుగా నష్టపోయేది తాబేలు కాదు, ఫిల్టర్‌లో కాపురమున్న బ్యాక్టీరియా. తాబేలు విసర్జించిన అమోనియాను అవి ముందు నైట్రైట్‌గా, తర్వాత నైట్రేట్‌గా మారుస్తాయి. ఫిల్టర్ స్పాంజిని కుళాయి కింద పెట్టి పిండితే ఈ బ్యాక్టీరియాలో చాలాభాగం చచ్చిపోతుంది. నాలుగైదు రోజులకు నీరు మబ్బుగా మారి, ఘాటు వాసన వేస్తుంది. అందుకే స్పాంజిని తొట్టెలోంచి తీసిన పాత నీటిలో కడగాలి.

కండిషనర్ కొనేముందు చూడవలసింది నీరు ఎక్కడిదన్న సంగతి. బోరు నీటిలో క్లోరిన్ ఉండదు. నల్గొండ వంటి చోట్ల ఫ్లోరైడ్ ఉండొచ్చు, ఉప్పదనం, గట్టిదనం ఉండొచ్చు. ఇవేవీ థయోసల్ఫేట్‌తో పోవు. నల్లా నీటిలో క్లోరిన్ ఉంటుంది. వినియోగదారుడి దగ్గర లీటరుకు కనీసం 0.2 మిల్లీగ్రాములు మిగిలి ఉండాలన్నది భారతీయ ప్రమాణం ఐఎస్ 10500 చెప్పే మాట. వానాకాలంలో మోతాదు పెంచుతారు. అపార్టుమెంటు సంపులో వాచ్‌మన్ చేతికొచ్చినంత బ్లీచింగ్ పౌడర్ చల్లిన రోజు సంగతి చెప్పనక్కర్లేదు. ట్యాంకర్ నీరైతే ఏదైనా కావచ్చు. అనుమానం తీరాలంటే పంచాయతీ సిబ్బంది వాడే క్లోరోస్కోప్ చాలు. గొట్టంలో నీరు పట్టి ఆర్థోటాలిడిన్ చుక్కలు వేస్తే, క్లోరిన్ ఉన్నకొద్దీ లేత పసుపు నుంచి ముదురు పసుపు దాకా రంగు తేలుతుంది. ఆ ద్రావణం చర్మానికి మంచిది కాదు, పరీక్షించిన నీటిని తొట్టెలో పోయకూడదు. రంగు రాని నీటికి క్లోరిన్ విరుగుడు అనవసరం.

క్లోరిన్ మాత్రమే ఉన్న నీటిని వెడల్పాటి పాత్రలో ఒక రోజు మూత లేకుండా ఉంచినా అది గాలిలో కలిసిపోతుంది. గాలి పంపు పెడితే ఇంకా త్వరగా పోతుంది. ఈ పాత పద్ధతికి పైసా ఖర్చు లేదు. క్లోరమైన్ మాత్రం ఇలా తేలిగ్గా వదలదు.

మోతాదు దగ్గరే ఎక్కువ పొరపాట్లు జరుగుతాయి. లేబుల్ మీద లెక్క లీటర్లలో ఉంటుంది, తొట్టె కొనేటప్పుడు చెప్పే లీటర్లు అంచు దాకా నింపితే పట్టేవి. తాబేలు తొట్టెను ఎవరూ అంచు దాకా నింపరు. 90 సెంటీమీటర్ల పొడవు, 45 వెడల్పు, 45 ఎత్తు ఉన్న తొట్టెలో పట్టేది 182 లీటర్లు. నీటిమట్టం 30 సెంటీమీటర్లే అయితే అందులో ఉన్నది 121 లీటర్లు. రాళ్లు, దుంగలు ఆక్రమించిన చోటు తీసేస్తే ఇంకా తక్కువ. మందు కలపవలసింది ఈ నీటి లెక్కకే. కొత్త నీటిని బకెట్లో పట్టి, అందులో మందు కలిపి, కలియదిప్పి, కొద్ది నిమిషాలు ఆగి పోస్తే బకెట్ లెక్క సరిపోతుంది. పైపుతో నేరుగా తొట్టెలోకి వదిలితే మాత్రం ముందుగా మొత్తం నీటికి సరిపడా మందు వేసి ఆ తర్వాత నీరు వదలాలి. కొత్త నీటి వెచ్చదనం పాత నీటికి దగ్గరగా ఉండాలి.

నిజానికి కావలసింది ఎంత కొంచెమో చూస్తే ఆశ్చర్యమేస్తుంది. ఒక మిల్లీగ్రాము క్లోరిన్‌కు సుమారు 7 మిల్లీగ్రాముల థయోసల్ఫేట్ పలుకులు కావాలి. లీటరుకు అర మిల్లీగ్రాము క్లోరిన్ ఉన్న 40 లీటర్ల నీటికి 140 మిల్లీగ్రాములు చాలన్నమాట, అంటే వేళ్ల మధ్య పట్టేంత. జాగ్రత్త కోసం రెట్టింపు వేసినా అది చిటికెడే. ‘ఎక్కువైతే నష్టమేముంది’ అని మూతలకు మూతలు పోయడం తెలివి కాదు. కొన్ని మిశ్రమాలు అతిగా పడితే నీటిలోని ఆక్సిజన్‌ను తినేస్తాయి. తాబేలు తల పైకెత్తి గాలి పీల్చుకుంటుంది, ఫిల్టర్ బ్యాక్టీరియాకు, తొట్టెలో తోడుగా వదిలిన చేపలకు ఆ వీలు లేదు. రాగి కలిసిన మందులు వాడుతున్నప్పుడు ఇలాంటి కండిషనర్లను కలపకూడదు. అవి రాగిని మరింత విషపూరితమైన రూపంలోకి నెట్టగలవు.

అమోనియాను కట్టేసే సీసాలు ఇంకో గందరగోళం తెస్తాయి. నెస్లర్ ద్రావణంతో అమోనియా పరీక్ష చేస్తే, కండిషనర్ ఉన్న నీటిలో అది తప్పుడు రంగు చూపుతుంది. ఆకుపచ్చ రంగు చూపే సాలిసిలేట్ పరీక్ష ఇక్కడ నయం. కట్టేసిన అమోనియాను కూడా లెక్కలో చూపుతుంది కాబట్టి ఆ అంకె చూసి కంగారుపడనక్కర్లేదు. కరెంటు పోయి గంటల తరబడి ఫిల్టర్ ఆగినప్పుడు, కొత్త తొట్టెలో బ్యాక్టీరియా ఇంకా కుదురుకోనప్పుడు ఈ మందు కొంత ఊపిరి పోస్తుంది. నైట్రేట్‌ను మాత్రం ఏ కండిషనర్ తీయదు. అడుగున చేరిన మలాన్ని, కుళ్లిన మేతను ఊడ్చదు. సాల్మొనెల్లాను చంపదు. ఈ బ్యాక్టీరియా పిల్లలకు సోకుతోందనే 1975లో అమెరికా నాలుగంగుళాల లోపు డొప్ప ఉన్న తాబేళ్ల అమ్మకాన్ని నిషేధించింది. తొట్టెలో చెయ్యి పెట్టాక సబ్బుతో కడుక్కోవడం, ఆ నీటిని వంటింటి సింకులో పారబోయకపోవడం కండిషనర్ వాడినా వాడకపోయినా తప్పవు. మన చెరువుల్లో దొరికే దేశీ తాబేళ్లను ఇంట్లో పెంచడం 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. పెంచడం విసుగొచ్చిన స్లైడర్‌ను చెరువులో వదలడమూ కీడే.

ఎండకు కూర్చునే పీటనో, ఖాళీ తొట్టెనో పలుచని బ్లీచింగ్ నీటితో శుద్ధి చేసినప్పుడు హైపో మళ్లీ పనికొస్తుంది. ముందు మంచినీటితో బాగా కడిగి, తర్వాత కండిషనర్ కలిపిన నీటిలో నానబెడితే వాసన పోతుంది. చిక్కటి బ్లీచింగ్ మీద నేరుగా కండిషనర్ పోయకూడదు. బాత్రూమ్ యాసిడ్‌ను ఈ రెంటి దగ్గరికీ రానివ్వకూడదు. బ్లీచింగ్‌తో కలిస్తే అది క్లోరిన్ వాయువును, హైపోతో కలిస్తే గంధకపు ఘాటు వాయువును వదులుతుంది. హైపో పలుకులను గట్టి మూత సీసాలో, తడి తగలకుండా ఉంచితే చాలాకాలం చెడవు. నీటిలో కలిపి పెట్టుకున్నది మాత్రం నెమ్మదిగా విరిగి, అడుగున గంధకపు మడ్డి చేరుతుంది. అలా మడ్డి కట్టినదాన్ని పారబోసి కొత్తగా కలుపుకోవాలి.