బోరింగు నీటి తేట

అనంతపురము సీమలో నే పల్లెకు పోయినను, రచ్చకట్టకు చేరువనో గుడి ముంగిటనో, పిడి యరిగి నున్ననైన యొక చేతిపంపు కానవచ్చును. జనులు దానిని బోరింగు అందురు. ఏటికి సుమారు 550 మిల్లీమీటర్ల వానయే దిక్కైన యీ మెట్టభూమిలో పూర్వము నీరన్నది దిగుడుబావి మెట్లు దిగి ముంచుకొనవలసినది, లేదా పెన్నా చిత్రావతుల యిసుకలో చెలమ త్రవ్వి తోడుకొనవలసినది. నారికురుపు రోగి యా మెట్లు దిగి నీట కాలిడగనే వాని కురుపునుండి వెడలిన క్రిములు నీటిపురుగులలో చేరి, ఆ నీరు త్రాగినవారి దేహమునుండి సుమారొక యేటికి రెండు మూరల నారిపురుగులై వెలువడుచుండెడివి.

ఈ నారికురుపును రూపుమాపుటలో బోరింగు చేసిన మేలు సామాన్యమైనది కాదు. అయితే తొలినాళ్లలో గొట్టపుబావులకు బిగించిన పోతయినుప పంపులు ఒక్క కుటుంబపు వాడుకకు తగినవే కాని, ఊరందరు పగలెల్ల కొట్టినచో తాళునవి కావు. షోలాపూరు పంపును సంస్కరించి, 1970 తరువాతి దశకమున యునిసెఫ్ తోడ్పాటుతో 'ఇండియా మార్క్ 2'ను రూపొందించిరి. మద్రాసులోని రిచర్డ్‌సన్ అండ్ క్రుడాస్ కర్మాగారము దానిని నిర్మించెను. పిడికి తగిలించిన గొలుసు లోని కడ్డీని నిలువుగా లాగుటచే, అది సుమారు 50 మీటర్ల లోతునుండియు నీటిని పైకి తెచ్చెను. 2000లో భారతదేశము నారికురుపు లేని దేశముగా ధ్రువీకరింపబడెను.

కాని అంత లోతున నున్నది నల్లరాయి. దాని పగుళ్లలో ఏండ్ల తరబడి నిలిచిన జలము, సున్నపుపాలు తక్కువై సోడాపాలు మిక్కుటమైనప్పుడు, శిలలోని ఫ్లోరైడును మెల్లమెల్లగా కరగించుకొనును. దోషము యంత్రముది కాదు: బోరింగులు రాకమున్నే, 1937లో, నెల్లూరు ప్రాంతపు రోగులను పరీక్షించి షార్ట్ మొదలగు వైద్యులు ఫ్లోరైడు వలని వ్యాధిని వెల్లడించియుండిరి. యంత్రము చేసినదెల్ల, ఆ లోతు నీటిని ప్రతి వాకిటికి సులభము చేయుటయే.

లీటరుకు 1.5 మిల్లీగ్రాములు మించిన ఫ్లోరైడు గల నీరు ఏండ్లకొలది త్రాగిన పిల్లల పండ్లపై గారలు కట్టును. మోతాదు మరింత పెరిగినచో పెద్దల వెన్నెముక బిగిసిపోవును. బిగిసిన వెన్నును సడలించు మందు లేదు. పటికతో, సున్నముతో నీటిని శుద్ధిచేయు పద్ధతికి నల్లగొండ పేరే పెట్టిరి. 1995-96లలో శ్రీ సత్యసాయి పథకము అనంతపురము జిల్లాలో 700కు పైబడిన గ్రామములకు త్రాగునీటి నందించెను.

కొళాయి ఎండిన దినమున మాత్రము ఊరు మరల బోరింగుకడకే పోవును. ఆ నీరు తేటగా, చల్లగా, రుచిదోషమేమియు లేక యుండును. జాగ్రత్తగల యిల్లాలు దానిని కాచి చంటిబిడ్డకు పట్టును. పొయ్యిమీద ఆవిరియగునది నీరే, ఫ్లోరైడు గిన్నెలోనే నిలిచి మునుపటికంటె చిక్కనగును.