పోయినవారి బాకీ

గృహయజమాని గతించి యేండ్లు గడచిన పిమ్మట నొకనాడు సర్కారు బాకీ చెల్లింపుమని నోటీసు వచ్చినచో నిల్లాలి గుండె జల్లుమనుట సహజము. భయపడి మెడలోని గొలుసమ్మి చెల్లించువారును గలరు. అట్లు తొందరపడరాదు.

ఇంత పాత బాకీ యిప్పుడేల యనవచ్చును. చేబదులిచ్చినవారు సామాన్యముగా 3 సంవత్సరములలో దావా వేయవలెను. ప్రభుత్వమునకో, 1963 నాటి కాలపరిమితి చట్టము 30 సంవత్సరముల గడువొసగినది.

అయినను బాకీ యాస్తి వెంట వచ్చునే గాని బంధుత్వము వెంట రాదు. 1908 నాటి సివిలు ప్రొసీజరు కోడు 52వ సెక్షను ప్రకారము, మృతుని యాస్తి వారసుల చేతికెంత వచ్చినదో యంతమట్టుకే డిక్రీ సొమ్ము రాబట్టవచ్చును. భార్య స్త్రీధనమును స్వార్జితమును దానికి లోబడవు. కాని వచ్చిన యాస్తిని లెక్క చూపక ఖర్చుపెట్టినచో నా మేరకు వారసులే బాధ్యులు. జామీను సంతకము చేసినవారి సంగతి వేరు.

తండ్రి ఋణము తీర్చుట పుత్రధర్మమను నొక్క కారణముచే కుమారునిపై వ్యవహరించు హక్కు, 2005 సెప్టెంబరు 9 మొదలు చేసిన యప్పులకు లేదు.

కావున నోటీసును దాచక, బాకీ యెన్నటిది, అసలెంత, వడ్డీ యెంత యని వ్రాతమూలమున నడుగుడు. పాత రసీదులు వెదకుడు. న్యాయవాదికి చూపక క్రొత్త పత్రముపై చేవ్రాలు చేయకుడు; చేసినచో నది మీ సొంత యప్పగును.

అన్నిటికన్న మేలు, ఆయన యుండగనే కాగితముల పెట్టె యిద్దరును గూర్చుండి చూచుకొనుట.