ఇటు నయీముద్దీన్, అటు బెకెన్‌బవర్: హైదరాబాద్ డిఫెండర్ల వరుస ఎక్కడ తెగింది?

ఢిల్లీ సరిహద్దు దాటితే ఘజియాబాద్ జిల్లాలోని ఇందిరాపురం వస్తుంది. ఉద్యోగాల కోసం ఎక్కడెక్కడి నుంచో వచ్చినవాళ్లతో పాటు తెలుగు కుటుంబాలు కూడా ఇక్కడి అపార్ట్‌మెంట్లలో స్థిరపడ్డాయి. సాయంత్రం పార్కుల్లో బంతి తన్నే పిల్లల ఒంటి మీద బయర్న్ మ్యూనిక్, రియల్ మాడ్రిడ్ జెర్సీలు కనిపిస్తాయి. జర్మనీ డిఫెండర్ల పేర్లు అడిగితే బెకెన్‌బవర్ నుంచి ఫిలిప్ లామ్ దాకా చెప్పగలిగే పిల్లలు ఉంటారు. హైదరాబాద్ నుంచి వచ్చిన ఒక్క డిఫెండర్ పేరు చెప్పమంటే మాత్రం పిల్లలే కాదు, వాళ్ల నాన్నలు కూడా తడుముకుంటారు.

అలా మరుగున పడిన పేరు సయ్యద్ నయీముద్దీన్. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో భారత పురుషుల జట్టు చివరిసారి పతకం గెలిచినప్పుడు కెప్టెన్ ఆయనే. అది 1970 నాటి మాట. ఆ తర్వాత అర్ధ శతాబ్దం దాటినా మరో పతకం రాలేదు.

ఎవరీ నయీముద్దీన్?

నయీముద్దీన్ 1944లో హైదరాబాద్‌లో పుట్టారు. హైదరాబాద్ పోలీస్ జట్టులో ఆడి పేరు తెచ్చుకుని కోల్‌కతా వెళ్లారు. అక్కడి మూడు పెద్ద క్లబ్బులైన ఈస్ట్ బెంగాల్, మోహన్ బగాన్, మహమ్మడన్ స్పోర్టింగ్ మూడింటికీ ఆడారు.

1970 బ్యాంకాక్ ఆసియా క్రీడల సెమీఫైనల్లో భారత్ బర్మా చేతిలో ఓడిపోయింది. కాంస్యం కోసం జరిగిన మ్యాచ్‌లో ప్రత్యర్థి జపాన్. రెండేళ్ల ముందు మెక్సికో ఒలింపిక్స్‌లో కాంస్యం గెలిచిన దేశం అది. నయీముద్దీన్ జట్టు 1-0తో నెగ్గింది. అదే ఏడాదికి ఆయనకు అర్జున అవార్డు దక్కింది.

ఆట మానేశాక కోచ్ అయ్యారు. 1990లో ఈస్ట్ బెంగాల్ ఒకే సీజన్‌లో ఐఎఫ్ఏ షీల్డ్, డ్యూరాండ్ కప్, రోవర్స్ కప్ మూడూ గెలిచినప్పుడు కోచ్ ఆయనే. 1990 సంవత్సరానికి ద్రోణాచార్య అవార్డు వచ్చింది. ఆయన శిక్షణలోనే భారత జట్టు 1997లోనూ, 2005లోనూ దక్షిణాసియా టైటిల్ గెలిచింది. తర్వాత బంగ్లాదేశ్ జాతీయ జట్టుకు కూడా కోచ్‌గా పనిచేశారు. క్రమశిక్షణ విషయంలో రాజీ పడని మనిషిగా ఆటగాళ్లలో ఆయనకు పేరు.

స్టాపర్ పని ఏమిటి?

గోల్ కొట్టినవాడి పేరు మర్నాడు పేపర్లో వస్తుంది. గోల్ పడకుండా ఆపినవాడి పేరు రాదు. నయీముద్దీన్ లాంటి స్టాపర్లు మరుగున పడటానికి ఇది ఒక కారణం.

1950ల మొదట్లో భారత జట్లు వెనుక ఇద్దరే ఫుల్‌బ్యాక్‌లను పెట్టి ఆడేవి. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లో యుగోస్లావియా చేతిలో 10-1తో ఓడిపోయాక ఆ పద్ధతి పనికిరాదని తేలిపోయింది. అప్పట్లో మనవాళ్లలో చాలామంది బూట్లు లేకుండానే ఆడేవారు. ఆ ఓటమి తర్వాతే బూట్లు తప్పనిసరి అయ్యాయి.

ఆ తర్వాత వెనుక ముగ్గురు, క్రమంగా నలుగురు డిఫెండర్లు వచ్చారు. వాళ్లలో మధ్యన ఉండేవాడు స్టాపర్. ప్రత్యర్థి సెంటర్ ఫార్వర్డ్‌ను కనిపెట్టుకుని ఉండటం, గాల్లో వచ్చే బంతిని తలతో బయటకు పంపటం, పక్కనున్నవాళ్లు తప్పితే ఆ ఖాళీని పూడ్చటం ఆయన పని. ఫార్వర్డ్ పది అవకాశాల్లో తొమ్మిది పోగొట్టుకున్నా హీరో కావచ్చు. స్టాపర్ పదింటిలో ఒక్కటి వదిలినా ఓటమి ఆయన ఖాతాలోకే వెళుతుంది.

ఆయన ఒక్కరే కాదు

నయీముద్దీన్ వెనుక ఒక పెద్ద వరుస ఉంది. 1952, 1956 ఒలింపిక్స్‌లో భారత రక్షణ శ్రేణిలో ఆడిన సయ్యద్ ఖాజా అజీజుద్దీన్ హైదరాబాద్ సిటీ పోలీస్ ఆటగాడు. హాఫ్‌బ్యాక్ నూర్ మహమ్మద్ కూడా అక్కడివారే. వీళ్లందరినీ తీర్చిదిద్దిన మనిషి సయ్యద్ అబ్దుల్ రహీం. బడిపంతులుగా పనిచేసిన రహీం 1950 నుంచి 1963లో క్యాన్సర్‌తో చనిపోయే వరకు హైదరాబాద్ సిటీ పోలీస్‌కు కోచ్. 1951, 1962 ఆసియా క్రీడల్లో స్వర్ణాలు, 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం ఆయన హయాంలోనే వచ్చాయి. ఆయన జీవితం ఆధారంగా తీసిన 'మైదాన్' సినిమా 2024లో విడుదలైంది.

ఢిల్లీకి ఈ కథతో దగ్గరి సంబంధం ఉంది. 1951 ఆసియా క్రీడల ఫైనల్లో భారత్ ఇరాన్‌ను 1-0తో ఓడించింది ఢిల్లీ నేషనల్ స్టేడియంలోనే. దేశ విభజన తర్వాత 1950లో ఢిల్లీలో డ్యూరాండ్ కప్‌ను పునరుద్ధరిస్తే గెలిచింది హైదరాబాద్ సిటీ పోలీస్. బొంబాయిలో జరిగే రోవర్స్ కప్‌ను అదే జట్టు 1950 నుంచి 1954 వరకు వరుసగా 5 సార్లు గెలిచింది.

అదే కాలంలో జర్మనీలో

నయీముద్దీన్ కన్నా ఒక ఏడాది చిన్నవాడైన ఫ్రాంజ్ బెకెన్‌బవర్ 1945లో మ్యూనిక్‌లో పుట్టారు. ఆయన కూడా మొదట ఉద్యోగమే చూసుకున్నారు. ఒక బీమా కంపెనీలో అప్రెంటిస్‌గా చేరారు. కానీ 1963లో 16 క్లబ్బులతో బుండెస్‌లిగా మొదలైంది. 1965లో బయర్న్ మ్యూనిక్ అందులోకి వచ్చింది. కుర్రాడికి ఫుట్‌బాలే ఉద్యోగం అయింది.

డిఫెండర్ అంటే బంతిని ఆపేవాడే అన్న అభిప్రాయాన్ని బెకెన్‌బవర్ మార్చారు. డిఫెండర్లందరి వెనుక నిలబడే 'లిబెరో' స్థానం నుంచి బంతితో ముందుకు నడిచి దాడిని తానే మొదలుపెట్టేవారు. 1974లో కెప్టెన్‌గా, 1990లో కోచ్‌గా పశ్చిమ జర్మనీకి ప్రపంచకప్ అందించారు. 2024 జనవరి 7న కన్నుమూశారు.

ఇద్దరి ప్రతిభనూ ఒకే తూకంలో వేయలేం. ఆడిన స్థాయిలే వేరు. కానీ జీవితాల ఆకారం ఒకేలా ఉంది. ఇద్దరూ కెప్టెన్లు, ఇద్దరూ తర్వాత జాతీయ కోచ్‌లు. తేడా వాళ్ల తర్వాత ఏం జరిగిందన్న దానిలో ఉంది.

2000 యూరో కప్‌లో జర్మనీ గ్రూప్ దశలోనే ఇంటిముఖం పట్టింది. వెంటనే అక్కడి సమాఖ్య, లీగ్ కలిసి ఒక నియమం పెట్టాయి: పిల్లలకు శిక్షణ ఇచ్చే అకాడమీ ఉంటేనే ప్రొఫెషనల్ క్లబ్‌కు లైసెన్స్. 2014లో ఆ దేశం మళ్లీ ప్రపంచకప్ గెలిచినప్పుడు కెప్టెన్ మరో డిఫెండర్, ఫిలిప్ లామ్. మ్యూనిక్‌లోని ఒక చిన్న స్థానిక క్లబ్‌లో మొదలుపెట్టి, బయర్న్ యూత్ జట్టు మీదుగా పైకి వచ్చిన కుర్రాడు.

హైదరాబాద్‌లో ఏమైంది?

హైదరాబాద్ ఫుట్‌బాల్ రెండు కాళ్ల మీద నిలబడింది. ఒకటి రహీం లాంటి ఒక మనిషి. రెండోది పోలీసు శాఖ లాంటి సంస్థ ఇచ్చే ఉద్యోగం. ఆట ఆడితే నెల జీతం వచ్చేది, రిటైరయ్యాక పింఛను ఉండేది. పేద ఇంటి కుర్రాడికి అది చాలా పెద్ద భరోసా.

1963లో రహీం పోయారు. మంచి ఆటగాళ్లు ఒక్కొక్కరే కోల్‌కతా బాట పట్టారు. పేరు, డబ్బు, జనం అన్నీ అక్కడే. 1970 జట్టులో నయీముద్దీన్‌తో కలిసి ఆడిన మహమ్మద్ హబీబ్ కూడా అలా వెళ్లినవారే. వెళ్లినవాళ్లు బాగుపడ్డారు. వాళ్లను తయారుచేసిన ఊరికి మాత్రం తిరిగి ఏమీ దక్కలేదు. ఆంధ్రప్రదేశ్ సంతోష్ ట్రోఫీ గెలవడం 1965-66 సీజన్‌తోనే ఆఖరు. షబ్బీర్ అలీ, విక్టర్ అమల్‌రాజ్ తర్వాత ఆ వరుస పలచబడింది. 1983 తర్వాత క్రికెట్ గాలి వీచింది. జాతీయ స్థాయిలో క్లబ్బుల లీగ్ 1996లో గానీ మొదలు కాలేదు. అప్పటికి హైదరాబాద్ జట్ల వైభవం గతించిపోయింది.

ఒక్కసారి మళ్లీ ఆశ పుట్టింది. 2019లో ఇండియన్ సూపర్ లీగ్‌లోకి వచ్చిన హైదరాబాద్ ఎఫ్‌సీ, 2022 మార్చిలో కేరళ బ్లాస్టర్స్‌ను పెనాల్టీల్లో ఓడించి కప్పు గెలిచింది. ఆ తర్వాత యాజమాన్యం మారింది. 2025లో ఆ క్లబ్ ఊరు కూడా మారింది. ఇప్పుడది స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ.

అంటే 1960లలో ఆటగాళ్లు ఊరు వదిలితే, ఈసారి క్లబ్బే ఊరు వదిలింది. రెండు సందర్భాల్లోనూ కారణం దాదాపు ఒకటే. ఊళ్లోని బళ్లు, చిన్న క్లబ్బులు, మైదానాల్లో వేళ్లూనుకోని ఆటను ఎవరైనా తేలిగ్గా పెకలించి పట్టుకుపోగలరు. జర్మనీ వేళ్లకు నీళ్లు పోసింది కాబట్టి బెకెన్‌బవర్ తర్వాత లామ్ వచ్చారు. హైదరాబాద్‌లో నయీముద్దీన్ తర్వాత ఆ కుర్చీ ఖాళీగానే ఉంది.

ఇందిరాపురం పిల్లలకు ఇప్పుడు యమున దాటితే ఒక ఐఎస్ఎల్ జట్టు ఉంది. దాని పుట్టిల్లు హైదరాబాద్ అని, ఆ ఊరి డిఫెండర్ ఒకరు ఒకప్పుడు జపాన్‌ను నిలువరించిన భారత జట్టుకు నాయకుడని చెప్పడానికి ఇంట్లో పెద్దవాళ్లకు ఇదొక సందర్భం.